కాలకేయులు ఏం మాట్లాడారు?

2015 జూలైలో 'బాహుబలి' మొదటి భాగం వచ్చాక కొన్నాళ్లపాటు మన హాస్టళ్లలో పిల్లలు ఒక కొత్త భాష మాట్లాడారు. పళ్లు బయటపెట్టి, కళ్లు ఉరిమి, నాలుకను అంగిటికి కొట్టి టక్కుమనిపించి నోటికొచ్చిన నాలుగు ముక్కలు అనడం, ఎదుటివాడు అంతకంటే గట్టిగా ఇంకో నాలుగు ముక్కలు అనడం. అదే కిలికి, కాలకేయుల భాష. అందులో ఒక్క వాక్యం కూడా పిల్లలకు సరిగ్గా రాదు. రాకపోయినా ఆటకేం అడ్డం కాలేదు. మేమూ చూసి నవ్వుకున్నాం. కోయలోనో సవరలోనో మాట్లాడుకుంటున్న పిల్లలను మిగతా పిల్లలు 'కాలకేయులు' అని పిలవడం మొదలుపెట్టాక ఆ నవ్వు కాస్త తగ్గింది. అప్పుడు సినిమాను మళ్లీ చూశాం. ఈసారి కత్తులు చూడలేదు, చెవులు పెట్టి విన్నాం.

ముందు భాష సంగతి. కిలికిని తయారు చేసింది తమిళ సినీ గేయ రచయిత మదన్ కార్కీ. కంప్యూటర్ శాస్త్రం చదివిన మనిషి. ఆస్ట్రేలియాలో పరిశోధన చేసే రోజుల్లో చిన్నపిల్లలను చూసుకునే పని చేస్తూ, వాళ్లతో ఆడుకోవడానికి సరదాగా ఒక భాష అల్లారు. దానికి క్లిక్ అని పేరు పెట్టుకున్నారు. రాజమౌళి తన సినిమాలో ఒక భయంకరమైన జాతికి భాష కావాలని అడిగితే, ఆ పిల్లల భాషనే పెంచి, కోరలు తొడిగి ఇచ్చారు. దాదాపు 750 మాటలు, 40 వ్యాకరణ సూత్రాలు. 'నేను' అనడానికి 'మిన్', 'నువ్వు' అనడానికి 'నిమ్'. ఒక మాటను తిరగేస్తే దాని ఎదుటి మాట వస్తుంది. నన్ను తిరగేస్తే నువ్వు! ఇది మామూలు ఆలోచన కాదు. పిల్లలతో కూర్చుని ఆలోచించినవాళ్లకే తడుతుంది.

పక్కమాటగా ఒకటి. గోండీలో, కోయలో 'నువ్వు' అనడానికి ప్రాంతాన్ని బట్టి నిమ్మ, నిమ్మె, ఇమ్మ అంటారు. కిలికిలో నిమ్. కాకతాళీయమే, దీన్ని పట్టుకుని కాలకేయులు మనవాళ్లే అని వాదించబోవడం లేదు. కానీ హాలులో కూర్చున్న వేలమందిలో ఆ ఒక్క మాటను అర్థం చేసుకోగలిగిన ప్రేక్షకుడు ఎవరో చూడండి. వెనక బెంచీలో కూర్చున్న మన కోయ పిల్లవాడు.

భాష కట్టిన పనితనం మీద మాకు ఫిర్యాదు లేదు. ఫిర్యాదంతా దాన్ని ఎవరి నోట పెట్టారు, ఎందుకు పెట్టారు అన్నదాని మీదే. తెర మీద కాలకేయులు ఎలా కనిపిస్తారు? నల్లరంగు పులుముకున్న మగవాళ్ల సైన్యంగా. వాళ్ల ఊరు కనిపించదు, పొయ్యి కనిపించదు, ఆడమనిషి లేదు, బిడ్డ లేదు, ముసలివాళ్లు లేరు. మాహిష్మతి మీదికి ఎందుకు వచ్చారంటే దోచుకోవడానికి, అంతే. పట్టుకున్న ప్రజలను ముందు నిలబెట్టి వాళ్ల చాటున యుద్ధం చేస్తారు. వాళ్ల నాయకుడు సంధి మాటలకు వచ్చి రాజమాతను అవమానించే కోరిక కోరతాడు. ప్రభాకర్ ఆ పాత్రను నిజంగానే ఒళ్లు జలదరించేలా చేశారు. తనదికాని భాషను సొంత భాషలా పలికారు, ఆ మెచ్చుకోలు ఆయనకు దక్కాల్సిందే.

ఆ నాయకుడి పేరు ఇంకోషి. దక్షిణాఫ్రికాలో జులూ ప్రజలు తమ దొరను, రాజును ఇన్‌కోసి అంటారు. జులూ భాషలో నాలుకతో టక్కుమనిపించే శబ్దాలు మామూలు అక్షరాలు. అమ్మలు బిడ్డలను పిలిచే పిలుపుల్లో ఉంటాయి, పెళ్లిపాటల్లో ఉంటాయి. అవే శబ్దాలు మన సినిమాలో కోరల చప్పుడు అయ్యాయి. ఆ పేరూ, ఆ చప్పుడూ, ఆ నల్లరంగూ మూడూ ఒకచోట చేరినప్పుడు ప్రేక్షకుడి మనసు ఎక్కడికి పోతుందో చెప్పనక్కర లేదు.

యుద్ధకథకు శత్రువు కావాలి, ఒప్పుకుంటాం. శత్రువు చెడ్డవాడు కావడం కూడా తప్పు కాదు. మా కథల్లోనూ చెడ్డవాళ్లున్నారు. అయితే ఆ కథల్లో చెడ్డవాడు కూడా మాట్లాడతాడు, వాడి మాట వినేవాళ్లకు అర్థమవుతుంది. కిలికి సంగతి అలా లేదు. ఆ భాష అర్థం కావడం కోసం కాదు, అర్థం కాకపోవడం కోసం పుట్టింది. 750 మాటలు, 40 సూత్రాలు కలిసి చేసిన పని ఒక్కటే, వీళ్లు మనవాళ్లు కారు అని చెప్పడం. పిల్లలతో ఆడుకోవడానికి పుట్టిన భాష తెర మీదికి వచ్చేసరికి పిల్లలే లేని జాతి భాష అయింది.

ఇదే సినిమాలో ఇంకో అడవి జనం ఉన్నారు, వాళ్ల గురించి ఎవరూ మాట్లాడరు. జలపాతం కింద గూడెం. నదిలో కొట్టుకొచ్చిన పసిబిడ్డను ఎత్తుకుని పెంచిన సంగ. హీరోకు అన్నం పెట్టి, కండ పెంచి, కొండ ఎక్కడం నేర్పిన జనం వాళ్లే. వాళ్లేం మాట్లాడతారు? తెలుగు. తమిళంలో తీసిన సినిమాలో తమిళం. అంటే మంచి అడవి మనిషి మన భాష మాట్లాడతాడు, చెడ్డ అడవి మనిషి తన భాష మాట్లాడతాడు. సినిమా ఎన్ని భాషల్లోకి పోయినా అందరి మాటా మారింది, కాలకేయుడి మాట మాత్రం మారలేదు. మార్చాల్సిన అవసరం ఎవరికీ కనిపించలేదు. ఎందుకంటే అది ఎక్కడివాళ్లకూ అర్థం కానక్కర లేదు.

ఇంకొకటి. ఆ యుద్ధమంతా మనం చూస్తున్నది కట్టప్ప చెబుతుండగా. కట్టప్ప మాహిష్మతి సింహాసనానికి తరతరాల బానిస. గెలిచినవాళ్ల ఇంటి బానిస చెప్పిన కథలో ఓడినవాళ్ల మాటలు కేకలుగానే మిగులుతాయి. తీసినవాళ్లు కావాలని అలా అల్లారో లేదో గానీ, సినిమాలో మాకు అన్నిటికంటే నిజంగా తోచిన విషయం ఇదే. ఏజెన్సీ చరిత్ర పుస్తకాలు చదివే ఉపాధ్యాయులకు ఈ పద్ధతి బాగా తెలుసు. పితూరీ గురించి దొరగారి నివేదిక ఉంటుంది. పితూరీ చేసినవాడు తన గూడెంలో, తన భాషలో ఏమన్నాడో ఆ నివేదికలో ఉండదు.

కాలకేయులన్న పేరు రాజమౌళి కనిపెట్టింది కాదు. మహాభారతంలో వాళ్లు సముద్రంలో దాక్కునే రాక్షసులు. అగస్త్యుడు సముద్రం తాగేస్తే బయటపడి చస్తారు. అర్థం కాని భాష మాట్లాడేవాణ్ణి రాక్షసుణ్ణి చెయ్యడం కూడా కొత్త కాదు. మ్లేచ్ఛుడు అన్న మాటకు మొదటి అర్థమే సరిగ్గా పలకలేనివాడని. గ్రీకులు తమ భాష రానివాళ్ల మాటలు 'బర్ బర్' అని వినిపిస్తున్నాయని వాళ్లను బార్బరోయ్ అన్నారు, మన బర్బరుడు అన్న మాటా ఆ కోవదే.

ఇక్కడ గుణాఢ్యుడి కథ చెప్పకుండా ఉండలేం. 'కథాసరిత్సాగరం'లో ఉన్న కథ ఇది. శాతవాహన రాజు కొలువులోని పండితుడు పందెంలో ఓడి సంస్కృతం, ప్రాకృతం, దేశభాష మూడూ వదిలేసి అడవికి పోతాడు. అక్కడ పైశాచీ నేర్చుకుంటాడు. ఏడు లక్షల శ్లోకాల 'బృహత్కథ'ను ఆ భాషలో తన నెత్తురుతో రాస్తాడు. రాజు దాన్ని చూసి పిశాచాల భాష అని తోసేస్తాడు. గుణాఢ్యుడు కొండ మీద మంట వేసి ఒక్కొక్క ఆకూ చదువుతూ మంటలో వేస్తుంటే అడవి మృగాలు మేత మాని కన్నీళ్లతో వింటాయి. రాజుగారి వంటశాలకు ఎండిపోయిన మాంసం వస్తే, ఎందుకని విచారించగా సంగతి తెలుస్తుంది. రాజు పరుగున వచ్చేసరికి ఆరు లక్షలు కాలిపోయి ఒక్క లక్ష మిగులుతుంది. ఆ మిగిలిందీ మూలభాషలో మనకు దక్కలేదు, సంస్కృతంలోకి తెచ్చుకున్న రూపాలే దక్కాయి. రెండు వేల ఏళ్ల కిందటి రాజుకూ, రెండువేల పదిహేనులో టికెట్ కొన్న ప్రేక్షకుడికీ ఈ ఒక్క విషయంలో పెద్ద తేడా లేదు.

బయటి దేశాల్లో ఈ పని ఇంకా ముందునుంచే జరుగుతోంది. టోల్కీన్ తన కథల్లో ఎల్ఫులకు యుగాల చరిత్ర ఉన్న భాషలు, పాటలు, లిపులు ఇచ్చి, చెడ్డవాళ్ల నల్లభాషకు మాత్రం నాలుగు వాక్యాలతో సరిపెట్టారు. అది పక్కన పెడదాం. మనం నిలబడి చూడాల్సింది మార్క్ ఓక్రాండ్ దగ్గర.

'స్టార్ ట్రెక్' సినిమాల కోసం క్లింగాన్ అనే యోధజాతి భాషను 1984లో పూర్తిగా నిర్మించింది ఆయనే. 1985లో నిఘంటువు వచ్చింది. ప్రపంచంలో కల్పిత భాషల్లో దానికున్నంత పేరు తక్కువవాటికి ఉంది. అయితే ఓక్రాండ్ అంతకుముందు ఏం చేశారు? కాలిఫోర్నియాలోని ఆదివాసుల ముత్సున్ భాషకు వ్యాకరణం రాశారు. 1977లో ఆయన డాక్టరేటు అదే. ఆ భాష మాట్లాడిన చివరి మనిషి అసెన్సియోన్ సోలోర్సానో 1930లో చనిపోయింది. ఆమె మంచాన ఉన్న రోజుల్లో హారింగ్టన్ అనే పరిశోధకుడు పక్కన కూర్చుని ఆమెకు గుర్తున్న మాటలన్నీ రాసుకున్నాడు. ఆ కాగితాల కట్టల నుంచే ఓక్రాండ్ వ్యాకరణం తీశారు. అంటే ఒకే మనిషి చేతిలో ఒక ఆదివాసీ భాష కాగితం మీద బతికింది, ఆ చేతే ఒక కల్పిత జాతికి భాషను పోసింది. వినేవాళ్లకు వింతగా ఉండాలని క్లింగాన్‌లో కర్మను మొదట, క్రియను మధ్యలో, కర్తను చివర పెట్టారు. ఆ క్రమం లోకంలో చాలా తక్కువ భాషల్లో ఉంది, ఉన్నవాటిలో ఒకటి అమెజాన్ అడవిలోని హిష్కర్యానా. గ్రహాంతరవాసుల వింత అనుకుని జనం చప్పట్లు కొట్టిన వాక్యం ఒక అడవి పల్లెలో అన్నం తినే వేళ మామూలుగా మాట్లాడుకునే వాక్యం.

ఆ కథ అక్కడితో ఆగలేదు. ముత్సున్ వారసులు ఇప్పుడు ఆ భాషను మళ్లీ నేర్చుకుంటున్నారు. వాళ్లకు ఓక్రాండ్ వ్యాకరణం, హారింగ్టన్ కాగితాలు ఆధారం. 2016లో నిఘంటువు కూడా వేసుకున్నారు. క్లింగాన్ కంటే ఆ నిఘంటువును తెలిసినవాళ్లు తక్కువే. మేమైతే ఓక్రాండ్ చేసిన రెండు పనుల్లో మొదటిదే పెద్దదంటాం.

'అవతార్' సంగతి వేరుగా చూడాలి. 2009లో వచ్చిన ఆ సినిమాలో పండోరా అనే లోకపు అడవి జనానికి నావీ భాష ఉంది. పాల్ ఫ్రామర్ అనే భాషాశాస్త్రవేత్త కట్టారు. మాట మధ్యలో చిన్న ముక్క చొప్పించి అర్థం మార్చడం అందులో ముఖ్యమైన పద్ధతి. ఇది మన సవర భాషలోనూ ఉంది, కాబట్టి సవర పిల్లలకు నావీ వ్యాకరణం అంత వింతేమీ కాదు. నావీలకు అమ్మలున్నారు, పెద్దలున్నారు, చెట్టుతో మాట ఉంది. హీరో వాళ్ల భాష నేర్చుకుంటాడు. కిలికి కంటే ఇది ఎంతో మేలు. అయినా చివరికి వాళ్లను గెలిపించడానికి బయటి మనిషే కావాల్సి వచ్చింది, ఆ పాత అలవాటు పోలేదు.

ఆ సినిమా వచ్చిన కొద్ది నెలలకు, 2010 ఫిబ్రవరిలో, హాలీవుడ్ పత్రిక 'వెరైటీ'లో ఒక ప్రకటన వచ్చింది. ఒడిశాలోని నియమగిరి కొండల మీద ఉండే డోంగ్రియా కోందుల తరఫున సర్వైవల్ ఇంటర్నేషనల్ అనే సంస్థ వేసింది. మీ సినిమా కల్పన, మా కథ నిజం, సాయం చేయమని దర్శకుడు కామెరాన్‌ను అడిగింది. వాళ్ల కొండలో బాక్సైటు ఉంది, వేదాంత సంస్థ దాన్ని తవ్వాలని చూసింది. సినిమా ప్రకటన వల్ల కొండ నిలవలేదు. 2013లో సుప్రీంకోర్టు చెప్పిన మీదట 12 పల్లెల్లో గ్రామసభలు జరిగాయి, పన్నెండూ వద్దన్నాయి. డోంగ్రియాల భాష కువి. మన పార్వతీపురం, పాడేరు, అరకు కొండల్లోనూ మాట్లాడే కువి. నావీలో ఎన్ని మాటలున్నాయో, ఎలా పలకాలో చెప్పే పుస్తకాలు లోకమంతా దొరుకుతాయి. 'మా కొండ ఇవ్వం' అన్నది కువిలో ఎలా అంటారో మన తెలుగు పాఠ్యపుస్తకంలో ఎక్కడైనా ఉందా?

మళ్లీ కిలికి దగ్గరికి వద్దాం. సినిమా అయిపోయాక కూడా ఆ భాష ఆగలేదు. గాయని స్మిత ఆ భాష మాటలతో ఒక పాట చేశారు. కార్కీ దానికి లిపి తయారు చేశారు, నేర్చుకునేవాళ్ల కోసం ఇంటర్నెట్లో పాఠాలు పెట్టారు. రాజమౌళి దాన్ని లోకానికి ప్రకటించిన రోజు 2020 ఫిబ్రవరి 21. అంతర్జాతీయ మాతృభాషా దినం. 1952లో ఢాకాలో తమ భాష కోసం పోలీసు కాల్పుల్లో చనిపోయిన విద్యార్థుల గుర్తుగా యునెస్కో పెట్టిన రోజు. ఏ తల్లీ ఏ బిడ్డకూ ఇంతవరకు నేర్పని భాషకు ఆ రోజే ఎందుకు దొరికింది? చెడు ఉద్దేశంతో చేశారని అనం. ప్రేమతోనే చేసి ఉంటారు. కానీ ఆ రోజు అర్థం తెలిసినవాళ్లకు కాస్త చేదుగా ఉంటుంది.

ఎందుకు చేదో చెప్పాలంటే గుంజాల పోవాలి. ఆదిలాబాద్ జిల్లా నార్నూర్ మండలంలోని గూడెం. అక్కడ గోండీ రాతప్రతులు బయటపడ్డాయి, గోండులు తమ చేత్తో తమ లిపిలో రాసుకున్నవి. ఆచార్య జయధీర్ తిరుమలరావు, ఊరి పెద్దలు, మరికొందరు కలిసి ఆ లిపిని మళ్లీ చదివించే పని చేశారు. 2018లో ఆ లిపి యూనికోడ్‌లో చేరింది. క్లింగాన్ లిపిని ఇదే యూనికోడ్ 2001లో తిరస్కరించిందని ఇక్కడ గుర్తు చేసుకుంటే కొంచెం సంతోషంగానే ఉంటుంది. ఒక చోటైనా లెక్క సరిగ్గా పడింది. కానీ 2011 జనగణన ప్రకారం దాదాపు 30 లక్షల మంది మాట్లాడే గోండీ రాజ్యాంగం ఎనిమిదో షెడ్యూలులో లేదు. 4 లక్షల మందికి పైగా మాట్లాడే కోయ లేదు. లక్షకు పైగా మాట్లాడే కొలామీ సంగతి అడగనే అక్కర లేదు.

2022లో అదే దర్శకుడు కొమురం భీమ్‌ను తెర మీదికి తెచ్చారు. కాలకేయుల్లా కాదు, ఎంతో గౌరవంగా, కన్నీళ్లు తెప్పించేలా తెచ్చారు. మన పిల్లలు ఆ సినిమా చూసి ఛాతీ విరుచుకుని బయటికి వచ్చారు, మేమూ అంతే. అయితే భీమ్ మాట్లాడేది తెలుగు, పాడేది తెలుగు. లేని జాతి కోసం 750 మాటలు కట్టించిన ఓపిక, ఉన్న జాతి భాషలో ఒక పూర్తి సన్నివేశం రాయించే దగ్గర కనిపించలేదు. జోడేఘాట్‌లో ఆ మనిషి తన జనంతో మాట్లాడిన భాషను హాలులో అందరూ వినే అవకాశం వచ్చి పోయింది. కింద అనువాదం అక్షరాల్లో వేస్తే జనం చదువుకోరా? ఇంకోషి అరుపులను అక్షరం లేకుండానే విన్న జనం!

మన భాషలు వింటే నవ్వొస్తుందనేవాళ్లకు ఒక చిన్న లెక్క చెప్పండి. గోండీలో ఉండి, రండ్, మూండ్, నాలుంగ్. రెండు, మూడు, నాలుగు ఎక్కడున్నాయో వాళ్లే పట్టుకుంటారు. కోయలో, గోండీలో నీళ్లను ఏరు, ఏర్ అంటారు, తెలుగు చెవికి అందులో వాగు వినిపిస్తుంది. నవ్వేది పరాయి భాషను చూసి కాదు, సొంత అక్కచెల్లెళ్లను చూసి. సవర ఈ కుటుంబం కాదు, ముండా భాష. దాన్ని చూసి నవ్వేవాళ్లకు గిడుగు రామమూర్తి పంతులు పేరు చెబితే చాలు. ఏటా ఆగస్టు 29న తెలుగు భాషా దినం జరుపుకునేది ఆయన పుట్టినరోజునే. ఆ పెద్దాయన పర్లాకిమిడిలో ఉంటూ సవర నేర్చుకున్నారు, పాఠాలు రాశారు, సవర పిల్లలకు వాళ్ల భాషలోనే చదువు చెప్పాలన్నారు. 1931లో సవర వ్యాకరణం, 1938లో నిఘంటువు అచ్చయ్యాయి. ఆగస్టు 29న బడిలో ఉపన్యాసం ఇచ్చే ఉపాధ్యాయ మిత్రులు ఈ సగం కూడా చెప్పాలని మా కోరిక.

మన భాషల్లో చదువు ఎప్పుడూ జరగలేదనీ అనలేం. 1940లలో హైమెన్‌డార్ఫ్ మార్లవాయిలో గోండు యువకులకే ఉపాధ్యాయ శిక్షణ ఇచ్చారు, గోండీలో వాచకాలు వేశారు. 2004 ప్రాంతంలో ఉమ్మడి రాష్ట్రంలో 8 గిరిజన భాషల్లో వాచకాలు వచ్చాయి. కొన్ని బడుల్లో ఆ పుస్తకాలు ఇప్పటికీ బీరువాలో ఉన్నాయి. తాళం ఎవరి దగ్గరుందో కనుక్కోండి.

కిలికిని పిల్లల దగ్గర నుంచి లాగేసుకోమని మేము చెప్పం. ఆ ఆట మంచిది. భాష అంటే తయారయ్యే వస్తువని, దానికి సూత్రాలుంటాయని పిల్లలకు ఇంత సులువుగా చెప్పే సాధనం ఇంకొకటి లేదు. మిన్, నిమ్ చెప్పి, మీ ఇంటి భాషలో 'నేను'కు, 'నువ్వు'కు ఏమంటారో అడగండి. సంధి మాటల దగ్గర ఇంకోషి నిజంగా ఏమని ఉంటాడో మీ భాషలో రాయమనండి. యుద్ధానికి పోయినవాళ్లు తిరిగి రాలేదు, కాలకేయుల గూడెంలో ముసలమ్మ మనవలకు ఏం చెప్పింది? అది కూడా రాయమనండి.

మాలో ఒకరు పనిచేసే బడిలో ఇది చేయించారు. ఒక ఏడో తరగతి పిల్ల కోయలో రాసింది, తెలుగు అక్షరాలతో. ఆమె రాసిన ముసలమ్మ, మాహిష్మతి వాళ్లు వంద అడుగుల విగ్రహం కోసం మన కొండ రాయి మోసుకుపోయారు, అడగడానికి పోయినవాళ్లను చంపారు అంటుంది. వెంటనే ఒక పిల్లవాడు లేచి, భల్లాలదేవుడి విగ్రహం యుద్ధం అయ్యాక చాన్నాళ్లకు పెట్టింది కదా, తప్పు రాశావన్నాడు. ఆ పిల్ల కాసేపు ఆలోచించి, సరే, విగ్రహం తీసేస్తాను, మరి కోటకు రాయి ఎక్కడిది అంది.